మరువం వేసిన పంపరపనస

నవంబరు 22, శనివారం

మా అమ్మాయి అనితా అల్లుడుగారూ సోమవారం వస్తున్నారని నాకు కొత్తపేటలో రొయ్యలమ్మే ఆవిడ చెప్పింది. మా ఆయన ముందు ఆవిడకి చెప్పి, పీతలూ రొయ్యలూ పురమాయించి, తర్వాత తీరిగ్గా నాకు చెబుదామనుకున్నారట. ముప్పై ఏళ్ళ కాపురంలో ఆవిడ తర్వాతి స్థానం నాది. గొణగకూడదు, ఇంకా కింద ఉన్నవాళ్ళు బోలెడుమంది.

పెళ్ళయి ఏడాది దాటింది. వైజాగ్‌లో ఉద్యోగాలు చేసుకునే పిల్లలు, ఎప్పుడొచ్చినా ఒక పూట ఉండి వెళ్ళిపోయేవారు. ఈసారి వారం ఉంటామన్నారు. వారం అనగానే మా ఆయన బాపిరాజుగారికి పూనకం వచ్చింది. మేడ మీద వరండా కడిగించారు. కుర్చీలకి రంగు వేయించారు. ఫ్రిజ్‌లో నా ఇడ్లీ పిండి తీయించి ఆ చోట సోడాలు పెట్టించారు. సీసాలు తెచ్చి బీరువాలో నా పట్టుచీరల వెనకాల దాచారు. ఎవరికి కనపడకుండా దాచారో తెలియదు. బీరువా తాళం నా దగ్గరే ఉంటుంది.

పెళ్ళిలో అల్లుడుగారు బ్యాండు ముందు వేసిన గంతులు ఈయన మర్చిపోలేదు. ఆ రాత్రి ఇద్దరూ ఒక సీసా పంచుకుని, 'మావయ్యగారూ మీరు దేవుడండీ' అని ఆయనా, 'మీరు నా కొడుకండీ' అని ఈయనా ఒకరి భుజం ఒకరు తడిపేసుకున్నారు. కూతురికి మొగుడు దొరికాడన్న సంతోషం కన్నా తనకి మేడ మీదికి తోడు దొరికాడన్న సంతోషమే మా ఆయనకి ఎక్కువ.

నాకు ఇవేవీ పట్టవు. నా పని వంటింటి వరకే.

నవంబరు 24, సోమవారం

వచ్చారు. అల్లుడుగారు చిక్కిపోయారు. పెళ్ళి ఫొటోల్లో నాగసతీష్ అంటే ముందు బుగ్గలే కనిపిస్తాయి, ఇప్పుడా బుగ్గలు లేవు. అనిత వంట సంగతి నాకు తెలుసు కాబట్టి ఆశ్చర్యపోలేదు.

పీతల పులుసు, రొయ్యల వేపుడు, కంద బచ్చలి కూర, కొబ్బరి పచ్చడి. 'అల్లుడికి నెయ్యి లేదు, అల్లుడితో వచ్చినవాళ్ళకి నూనె లేదు' అనే సామెత మా గుమ్మం దాకా రాదు. ఆత్రేయపురం నుంచి పూతరేకులు తెప్పిస్తే సగం డబ్బా అల్లుడుగారు ఒక్కరే ఖాళీ చేశారు. ఇంత తీపి ఇష్టమని పెళ్ళిలో తెలియదు.

సాయంత్రం మా ఆయన మేడ మీద సర్వం సిద్ధం చేసి పిలిచారు.

"రండి అల్లుడుగారూ. చల్లగాలి. వేయించిన జీడిపప్పు కూడా పెట్టించేను."

"ఆయ్, మీరు కానివ్వండి మావయ్యగారూ. నాకు వద్దండి."

ఈయన కిందికొచ్చి వంటింట్లో నిలబడి నన్నడిగారు. "మాలేవన్నా వేసుకున్నాడేవిటే?"

"పొద్దున్న పీత డిప్పలు పీల్చింది ఎవరనుకున్నారు?"

"మరి ఎందుకొద్దన్నాడు?"

ఈ జిల్లాలో మగవాడు మందు వద్దనాలంటే మెడలో అయ్యప్ప మాల ఉండాలి. మాల లేకుండా వద్దంటే అది మొహమాటం. కొత్త పిల్లాడు కదా, కాస్త అలవాటు పడనీ అన్నాను.

నవంబరు 25, మంగళవారం

రెండో వద్దు.

దీనికి కంగారు పడాల్సిందేమీ లేదు. మా వైపు మొదటి వద్దు మర్యాదకి. రెండో వద్దు, పెట్టేవాళ్ళ మనసు ఎంత పెద్దదో చూడడానికి. మూడో వద్దు అన్నవాడికి చెయ్యి అడ్డం పెట్టినా వడ్డించెయ్యాలి, లేకపోతే ఊరంతా తిరిగి చెబుతాడు. నాలుగో వద్దు నేను పుట్టి బుద్ధెరిగాక వినలేదు. మా ఆడపడుచుని ఒకసారి నేను రెండుసార్లే అడిగి గిన్నె వెనక్కి తీసుకెళ్ళిపోయానని, ఆవిడ కొన్నేళ్ళపాటు మా ఇంట్లో మంచినీళ్ళు ముట్టలేదు. అప్పటి నుంచి నేను వినడం మానేసి వడ్డించడం నేర్చుకున్నాను.

మా ఆయనకి మాత్రం ఇంకో అనుమానం. "అలిగేడేమోనే. పెళ్ళిలో అలకపాన్పు మీద ఏమడిగినా ఇస్తావంటే ఏవీ వద్దన్నాడు. ఆ అలకిప్పుడు తీర్చుకుంటున్నాడేమో."

మేడ మీద సీసా మూత తీసిన చప్పుడు కాగానే అల్లుడుగారు చెప్పులేసుకుని కాలవ గట్టు మీదికి షికారు వెళ్ళిపోయారు. చీకటి పడ్డాక వచ్చారు, బుగ్గ నిండా సోంపు. అనిత గుమ్మంలో నిలబడి ఆయన కోసం చూస్తూనే ఉంది. ఏడాది దాటినా ఇంకా కొత్తే కాబోలు.

నవంబరు 26, బుధవారం

మూడో వద్దు. అది కూడా ఫారిన్ సీసాకి.

ఇక మా ఆయన అన్నం మానేస్తారేమో అనిపించింది. అప్పుడు దిగాడు మా ఆడపడుచు కొడుకు దుర్గాశ్రీనివాస్. అమలాపురంలో సెల్‌ఫోన్ షాపు, అందువల్ల సర్వశాస్త్రాలూ తెలుసు.

"మావయ్యా, ఈ కాలం కుర్రాళ్ళు సీసా చూపిస్తే కదలరు. కాక్‌టైలంటేనే తాగుతున్నారు. పళ్ళరసం, ఆకులు, ఐసు. ఇళ్ళల్లోనే చేసుకుంటున్నారు. మీ అల్లుడి స్థాయి వేరు, మనం వేరు."

ఫోనులో ఒక వీడియో పెట్టాడు. గోళ్ళకి నల్లరంగు వేసుకున్న అమ్మాయి నారింజరసంలో రోజ్‌మేరీ పాకం పోసి, జిన్ను కలిపి, గ్లాసు అంచుకి ఉప్పు అద్దింది. రోజ్‌మేరీ అంటే మా ఆయనకి తెలిసింది ఆస్పత్రిలో నర్సమ్మగారొక్కరే. అది ఆకు అని చెప్పేసరికి కాసేపు పట్టింది.

నాకు సంబంధం లేదు కాబట్టి నేను తోటకూర కాడలు తుంచుకుంటూ దూరం నుంచే చూశాను. ఆ అమ్మాయి ఆకుల్ని పాకంలో పడేసి కుతకుతలాడించింది. అది పాకం కాదు, కషాయం. నవ్వొచ్చింది. ఆ మాటే పైకి అన్నాను. అనకుండా ఉండాల్సింది. ముగ్గురూ నా వైపు తిరిగారు. ముగ్గురు అంటే ఫోనులో అమ్మాయితో కలిపి.

నవంబరు 27, గురువారం

పొద్దున్న మా ఆయన సొంతంగా మొదలుపెట్టారు. పెరట్లో చెట్టుకి మిగిలిన పంపరపనస కాయలు కోయించి, తొనల మీద పొర తీయకుండా పిండేశారు. వేపాకు పసరు నయం. ఆ రసాన్ని వడపోయడానికి, మా తమ్ముడి కూతురి పెళ్ళిలో పెట్టాలని నేను దాచిన బండారులంక కండువా వాడారు. రోజ్‌మేరీ బదులు కొత్తిమీర వేశారు. గ్లాసు అంచుకి ఉప్పుతో పాటు ఆవకాయ కారం అద్దారు. దుర్గాశ్రీనివాస్ ఒక గుక్క తాగి పెరట్లోకి పరిగెత్తాడు.

ఇక చూడలేక లేచాను. మందుతో నాకు పని లేదు, నేను చేసింది పాకం వరకే. ఇది ఇక్కడ స్పష్టంగా రాసుకుంటున్నాను.

మేడ మెట్ల పక్క కుండీలో మరువం ఏపుగా ఉంది. పంచదార కరిగి తీగ రాకముందే గిన్నె దించేశాను. మరువం రెమ్మలు అరచేతిలో పెట్టి ఒక్కసారి చరిచి అందులో వేసి మూత పెట్టాను. వేసవిలో కుండనీళ్ళలో వట్టివేళ్ళు వేస్తాం కదా, అంతే. ఉడికిస్తే వాసన పోతుంది, ఊరనిస్తే దిగుతుంది. సాయంత్రం మూత తీస్తే పెళ్ళికూతురి జడ పక్కన కూర్చున్నట్టుంది. పంపరపనస తొనలు పొర వలిచి పిండాను. దబ్బకాయ తొక్క పైపైన గీరి, నాలుగు చుక్కల దబ్బరసం. పాకం రెండు చెంచాలు. జిన్ను ఒక మూత.

"మూతతో పోస్తే అది మందంటారా, తీర్థవంటారా?" అన్నారు మా ఆయన.

"మీ చేత్తో పోస్తే అల్లుడు కాదు, ఏనుగు పడిపోద్ది. అవతలుండండి."

రుచి చూడకుండా వడ్డించడం మా ఇంటావంటా లేదు. అందుకని ఒక చెంచా. తీపి సరిపోయిందో లేదో తేలక ఇంకో చెంచా. చెంచాతో తేలే విషయం కాదని గరిటె. మా ఆయన ఇన్నాళ్ళూ మేడ మీద ఏం చేస్తున్నారో నాకిప్పుడు కొంచెం అర్థమైంది, కానీ ఆ మాట ఆయనతో అనే ప్రశ్నే లేదు.

ఈ పేజీలో అక్షరాలు వంకర పోయాయి. పెన్ను మంచిది కాదు.

నవంబరు 28, శుక్రవారం

పెద్ద సంగతి. ఎవరికీ చెప్పకూడదు కాబట్టి ఇక్కడే.

అనిత వంటింట్లోకి వచ్చింది. పాకం గిన్నె చూసింది, పక్కన సీసా చూసింది. దాని మొహం సున్నం కొట్టినట్టు అయిపోయింది. కొంగు ముక్కుకి అడ్డం పెట్టుకుని "అమ్మా, ఇదేంటి, ఎవరికి?" అంది.

"మీ ఆయనకే. ఆదివారం భోజనాలు. మీ మేనత్తావాళ్ళు వస్తున్నారు."

"ఆయనకి అవేం వద్దమ్మా." నా చెయ్యి పట్టుకుంది. "నీతో ఒక మాట చెప్పాలి. వచ్చినకాణ్ణించి చెబుదామనే చూస్తన్నాను. నువ్వు కంగారు పడనంటే…"

నేను దాని నోటికి చెయ్యి అడ్డం పెట్టేశాను. వాసన పడటం లేదు, మొహం పాలిపోయింది, మొగుడి పక్క వదలటం లేదు, రాత్రిళ్ళు నిద్రలేక కళ్ళ కింద నలుపు. తల్లికి ఒకళ్ళు చెప్పాలా! మూడో నెల వచ్చేదాకా నోటితో అనకూడదు, దిష్టి తగులుతుంది. మా అమ్మా నాకు అలాగే నోరు మూసింది.

"అదికాదమ్మా…" అంది అనిత.

"నాకు తెలుసులే. నువ్వు వెళ్ళి పడుకో."

సిగ్గుతో కళ్ళనీళ్ళు పెట్టుకుంది పిచ్చిది.

నవంబరు 29, శనివారం

నా నోట్లో నువ్వుగింజ నానదని మా ఆయన ఎగతాళి చేస్తారు. నిన్నటి సంగతి ఇప్పటిదాకా ఎవరికీ చెప్పలేదు, ఆయనకీ ఆడపడుచుకీ తప్ప. రొయ్యలావిడకి చెప్పింది నేను కాదు.

నవంబరు 30, ఆదివారం

గెలిచాను.

వరసగా రాస్తాను. ఆడపడుచూ అన్నయ్యగారూ, దుర్గాశ్రీనివాస్, అతని భార్యా పిల్లలూ. హాల్లో అందరూ. అనిత కోడి వేపుడు దగ్గర నిలబడతానంటే వద్దని, ఈ టైములో పొయ్యి సెగ మంచిది కాదని లోపలి గదిలో పడుకోబెట్టి తలుపు దగ్గరగా వేశాను. దాని పెళ్ళిలో ఎవరో చదివించిన గాజు గ్లాసులు తీసి, అంచుకి నిమ్మచెక్క రుద్ది, జాంకాయ బండి మీద చల్లే ఉప్పూకారం అద్ది, ఐసు వేసి, పైన మరువం రెమ్మ పెట్టాను. పళ్ళెంలో పెట్టుకుని హాల్లోకి నడుస్తుంటే అందరూ మాటలాపి చూశారు. నా పెళ్ళిలో కూడా నన్నలా చూడలేదు.

అల్లుడుగారు లేచి నిలబడ్డారు.

"వద్దండి అత్తయ్యగారూ. నిజంగా వద్దండి."

నాలుగో వద్దు! చెవులారా విన్నాను. 'నిజంగా' అని ఒక కొత్త మాట కూడా చేర్చారు. చదువుకున్న పిల్లల మొహమాటం కూడా చదువుకున్నట్టే ఉంటుంది. ఆడపడుచు నా వైపు చూస్తోంది, ఇప్పుడు కూడా గిన్నె వెనక్కి తీసుకెళ్తానేమోనని.

"నా చేత్తో చేసేను బాబూ. మీ కోసవే. ఇందులో మందెంత, ఒక్క మూత. మిగతాదంతా మన పెరట్లోదే. ఒక్క గుక్క పుచ్చుకోండి."

"అత్తయ్యగారూ, నేను…"

"పుచ్చుకోకపోతే నా మీద ఒట్టే."

ఆయన నా మొహం చూశారు. తర్వాత లోపలి గది తలుపు చూశారు. పెళ్ళాన్ని అడక్కుండా ఏ పనీ చెయ్యరన్నమాట, మంచిదే. గ్లాసు రెండు చేతులతో అందుకున్నారు, ప్రసాదంలాగ. ఐసు గలగలమంది. మొదటి గుక్కకి కళ్ళు మూసుకున్నారు. కళ్ళు తెరిచేసరికి గ్లాసు ఖాళీ.

అందరూ చప్పట్లు. అప్పుడన్నారు, నా ఎదురుగా, అందరూ వింటుండగా. "ఇంకోటి ఉందాండీ?"

అడిగి మరీ! ఈ ఇంట్లో నా వంట ఎవరైనా అడిగి వేయించుకున్నారా? ఈయన మూతి తుడుచుకుని లేచిపోవడమే. నేను వంటింట్లోకి పరిగెత్తాను. రెండోది, మూడోది. నాలుగోసారికి పాకం అక్కర్లేదన్నారు. తర్వాత రసం కూడా అక్కర్లేదన్నారు. ఫోనులో పాట పెట్టి మా ఆయన్ని పట్టుకుని గంతులు. "మావయ్యగారూ మీరు దేవుడండీ!" పెళ్ళినాటి అల్లుడుగారు తిరిగొచ్చేశారు. మా ఆయనకి ఆనందబాష్పాలు.

అనిత ఎప్పుడు లేచిందో తెలియదు. తలుపు పట్టుకుని నిలబడి ఉంది. చూసింది. అక్కడే గడప మీద కూర్చుండిపోయింది. నీరసం కదా.

ఆడపడుచు వెళ్ళేముందు పాకం ఎలా చెయ్యాలో అడిగింది. మరువం ఎప్పుడు వెయ్యాలో తప్ప అన్నీ చెప్పాను.

డిసెంబరు 1, సోమవారం

అల్లుడుగారు మధ్యాహ్నం దాకా లేవలేదు. బడలిక. మేడ మీద రెండో సీసా కనపడటం లేదు, మా ఆయనే ఎక్కడో పెట్టి ఉంటారు.

డిసెంబరు 2, మంగళవారం

మా ఆయన తీయలేదు.

పొద్దున్న కొబ్బరికాయలు వలిచే మనుషులు వచ్చి కొట్టు తలుపు తీస్తే అల్లుడుగారు కాయల రాశి పక్కన పడి ఉన్నారు. చొక్కా నిండా వాంతి. పక్కన సీసా. ఇద్దరు మోసుకొచ్చి మంచం మీద పడుకోబెట్టారు. అనిత ఏడవలేదు. ఆయన మొహం తడిగుడ్డతో తుడిచింది, పక్కకి తిప్పి పడుకోబెట్టింది, తలగడ ఎక్కడ పెట్టాలో దానికి తెలుసు. అలవాటైన పని అని చూడగానే తెలిసిపోయింది.

"లివరు పాడైపోయిందన్నారమ్మా," అంది, నా వైపు తిరగకుండానే. "వేసవిలో ఆస్పత్రిలో పెట్టేను. ఇంకోసారి ముట్టుకుంటే చెప్పలేం అన్నారు. అప్పణ్ణించి ముట్టుకోలేదు. ఎంత కష్టపడ్డారో నాకు తెల్సు. ఇక్కడైతే ఊరిగాలి, అమ్మావాళ్ళ దగ్గర, బావుంటదని నేనే తీసుకొచ్చేను."

"ముందే చెప్పచ్చు కదే. ఫోన్లోనన్నా."

"నాన్నగారికి చెప్తే రొయ్యలావిడకి చెప్తారు. నీకు చెబుదావని వంటింట్లోకి వచ్చేను. నోరు మూసేసేవు."

"నేను… కడుపనుకుని…"

"కడుపూ లేదు, ఏం లేదు." గుడ్డ పిండింది. "నాలుగుసార్లు వద్దన్నారమ్మా ఆయన మీ ఇంట్లో. ఇంకెక్కడైనా ఒక్కసారంటే వదిలేస్తారు."

మీ ఇంట్లో అంది.

డిసెంబరు 3, బుధవారం

వెళ్ళిపోయారు. వైజాగ్‌లో మళ్ళీ అదే ఆస్పత్రికి. కారు దుర్గాశ్రీనివాస్ నడుపుతానని తనే వచ్చాడు, దారి పొడుగునా నోరెత్తలేదట. అతనికీ అది మొదటిసారే.

అల్లుడుగారు కారెక్కేముందు నా దగ్గరికొచ్చారు. నిలబడలేకపోతున్నారు. "తప్పు నాదేనండి అత్తయ్యగారూ. మీరేం మనసులో పెట్టుకోకండి," అన్నారు. ఎంత మర్యాదస్తుడు. అంత మర్యాదస్తుడు కాకపోతే నా గ్లాసు తీసుకునేవాడే కాదు.

చేతులు కాలాక ఆకులు పట్టుకోవడం అంటారు. నేను పట్టుకున్న ఆకు మరువం. ముందే పట్టుకున్నాను.

డిసెంబరు 5, శుక్రవారం

ఈ డైరీ వెనక్కి తిప్పి చదివాను. 'నాకు ఇవేవీ పట్టవు' అట. 'నేను చేసింది పాకం వరకే' అట. 'గెలిచాను' అట. ఎవరండీ ఈవిడ? పరిచయం చేస్తే నాలుగు దులుపుదును.

డిసెంబరు 9, మంగళవారం

అనిత ఫోనెత్తలేదు.

డిసెంబరు 10, బుధవారం

ఎత్తలేదు.

డిసెంబరు 14, ఆదివారం

ఎత్తింది. ఇంటికొచ్చేశారట. మందులు, డాక్టరు చెప్పిన తాగుడు మానినవాళ్ళ మీటింగులు, మళ్ళీ మొదటి నుంచీ. "ఏవన్నా పంపించనా?" అన్నాను. "వద్దమ్మా," అంది. నేను అప్పటికే దుర్గాశ్రీనివాస్ చేతికి పూతరేకుల డబ్బా, కంద, కొబ్బరికాయలు ఇచ్చి బస్సెక్కించాను. సగం దారిలో ఉన్నాడు. వెనక్కి రమ్మని ఫోను చేస్తే, నాకు మతిపోయిందేమోనని మా ఆయనకి చేసి కనుక్కున్నాడు. వచ్చేశాడు.

వద్దంది కదా.

డిసెంబరు 20, శనివారం

కొత్తపేట వెళ్ళాను. రొయ్యలావిడ తూకం వేస్తూ అడిగింది. "అనితమ్మగారికి ఎన్నో నెలండీ ఇప్పుడు?"

రొయ్యలు తీసుకోకుండా వచ్చేశాను. దారి పొడుగునా ఏడ్చాను, ఎండకి కళ్ళు మండుతున్నాయని ఆటో అబ్బాయికి చెప్పి.

మా ఆయన మేడ ఎక్కడం లేదు. మోకాళ్ళు నొప్పంటున్నారు. కుర్చీలు కిందికి దింపించారు. మిగిలిన సీసా బీరువాలోనే ఉంటే, తాళం అడిగి తీసి పంపరపనస చెట్టు మొదట్లో పారబోశారు. ఆయన్ని ఏమీ అనలేదు. అనడానికి నాకు నోరెక్కడిది?

జనవరి 25, ఆదివారం

ఆడపడుచు ఇంట్లో భోజనం. ఆకలి లేదు, వద్దన్నాను. వడ్డించింది. చెయ్యి అడ్డం పెట్టాను. వేళ్ళ మీద పప్పు పోసింది. ఒట్టు కూడా పెట్టింది. తిన్నాను. సాయంత్రం నుంచి కడుపు పట్టేసింది. మంచి మనిషి ఆవిడ, నా అంత మంచి మనిషి.

ఫిబ్రవరి 21, శనివారం

నిన్న అనిత ఫోను. రావులపాలెంలో స్నేహితురాలి పెళ్ళి, తిరుగుదారిలో ఓ గంట ఆగుతాం అంది. "అమ్మా, ఏవీ చెయ్యకు." మా ఇంట్లో ఏమీ చెయ్యకపోవడమంటే ఐదు కూరలు. నేను నిజంగానే ఏమీ చెయ్యలేదు. మా ఆయన వంటింట్లోకి నాలుగుసార్లు వచ్చి ఖాళీ పొయ్యి చూసి, ఎవరో పోయిన ఇంట్లో తిరిగినట్టు తిరిగారు.

వచ్చారు. అల్లుడుగారికి బుగ్గలు ఇంకా రాలేదు కానీ కళ్ళు తేటగా ఉన్నాయి. అనిత నన్ను పట్టుకుని కాసేపు వదల్లేదు. డాక్టరుగారు బాగుందన్నారట, ఇలాగే ఉంటే ఫర్వాలేదన్నారట. ఇలాగే ఉండాలి దేవుడా.

"వచ్చే ఏడు మాల వేసుకుంటానండి మావయ్యగారూ," అన్నారు నవ్వుతూ. "ఎవరికీ ఏవీ చెప్పుకోనక్కర్లేదు." మా ఆయన నవ్వబోయి నవ్వలేక, "నేనూ మీతో వేసుకుంటాను. ఇద్దరం కలిసి వెళ్దాం," అన్నారు.

నేను కాఫీ కలిపి తెచ్చాను. అనిత తీసుకుంది. అల్లుడుగారి ముందు నిలబడ్డాను.

"వద్దండి అత్తయ్యగారూ. దారిలో తాగేం."

నా చెయ్యి దానంతటదే ముందుకెళ్ళింది. 'కొంచెవే బాబూ' అనే మాట నాలిక చివరిదాకా వచ్చేసింది. మా అమ్మా, అమ్మమ్మా, ఆడపడుచూ అందరూ వెనక నిలబడి నన్ను తోస్తున్నారు.

"సరే బాబూ," అని కప్పు వెనక్కి తీసుకెళ్ళిపోయాను.

వంటింట్లోకి వచ్చి కప్పు గట్టు మీద పెట్టి, దాని ఎదురుగా పీట వేసుకుని కూర్చున్నాను. మా ఆయన వెనకే వచ్చి గుసగుసగా విరుచుకుపడ్డారు.

"అదేంటే! ఒక్కసారేనా అడిగేది? ఏవనుకుంటాడు మనిషి?"

"వద్దన్నారండీ."

"అంటే మాత్రం!"

"వద్దన్నారు," అన్నాను. ఆయన నా మొహం చూసి వెళ్ళిపోయారు. కాఫీ మీద మీగడ కట్టింది. దాన్నే చూస్తూ ఎంతసేపు కూర్చున్నానో తెలియదు. గుమ్మంలో నీడ పడింది. అల్లుడుగారు. చేతులు కట్టుకుని, పరీక్షలో కాగితం అడిగే పిల్లాడిలా.

"అత్తయ్యగారూ, ఆ కాఫీ ఉందాండీ ఇంకా?"

"ఉంది బాబూ. వద్దన్నారు కదా?"

"ఆయ్, అది… మొహమాటానికన్నానండి."

ముందు నేను నవ్వానో ఏడ్చానో చెప్పలేను. ఆయన కూడా నవ్వారు. హాల్లోంచి అనిత "ఏవైందమ్మా?" అని అరిచింది. కొంగుతో మొహం తుడుచుకుని, కప్పు తీసుకుని స్టవ్ వెలిగించబోయాను.

"చల్లారిపోయింది. వేడి చేసిస్తాను, ఉండండి."

"వద్దండి."

చల్లారిన కాఫీయే ఇచ్చేశాను.